అమెరికాలో సెమీ ఆటోమేటిక్ రైఫిళ్లపై రాష్ట్రాల ఆంక్షలు: తరచుగా అడిగే ప్రశ్నలు

టెక్సాస్‌లో గంటలోపు కొనుక్కుని ఇంటికి తెచ్చుకునే రైఫిల్, న్యూజెర్సీలో బీరువాలో ఉన్నా చాలు, ఏళ్ల తరబడి జైలు. మధ్యలో వీసా గొడవ ఒకటి. అమెరికాలో ఉంటున్న తెలుగువాళ్లు అడిగినవే మళ్లీ మళ్లీ అడుగుతుంటే, అన్నీ ఒకచోట చేర్చి పెట్టడం మంచిదనిపించింది. జవాబులు 2025 చివరి నాటి చట్టాల ప్రకారం రాసినవి. వరసగా చదవక్కర్లేదు, మీ ప్రశ్న ఎక్కడుందో అక్కడికి వెళ్లిపోండి. విషయం కేసు దాకా వస్తే మాత్రం లాయర్ దగ్గరికే వెళ్లాలి.

## ముందుగా తెలియాల్సినవి

సెమీ ఆటోమేటిక్ అంటే మెషిన్ గన్నేనా?

కాదు. సెమీ ఆటోమేటిక్‌లో ట్రిగ్గర్ నొక్కిన ప్రతిసారీ ఒక్క తూటానే వెళ్తుంది. ఖాళీ తొడుగు బయటపడి, తర్వాతి తూటా లోపలికి ఎక్కడం మాత్రం దానంతట అదే జరుగుతుంది. ట్రిగ్గర్ పట్టి ఉంచితే ఆగకుండా పేలేది మెషిన్ గన్. మెషిన్ గన్నుల మీద 1934 నుంచే ఫెడరల్ (కేంద్ర ప్రభుత్వ) చట్టం ఉంది. 1986 మే 19 తర్వాత తయారైనవాటిని మామూలు పౌరులు కొనడానికే వీల్లేదు.

ఈ రెంటి మధ్య గీత ఎక్కడుందన్నది చాలా పెద్ద తగాదా. 2017లో లాస్ వేగస్ కాల్పుల్లో వాడిన, సెమీ ఆటోమేటిక్‌ను దాదాపు మెషిన్ గన్ వేగంతో పేలేలా చేసే బంప్ స్టాక్ అనే పరికరాన్ని ఫెడరల్ ప్రభుత్వం మెషిన్ గన్ కింద లెక్కగట్టి నిషేధించింది. 2024 జూన్‌లో సుప్రీంకోర్టు 6-3తో ఆ నిబంధనను కొట్టేసింది. బంప్ స్టాక్‌ను విడిగా నిషేధించుకున్న కాలిఫోర్నియా, ఫ్లోరిడా లాంటి రాష్ట్రాల్లో ఆ నిషేధాలకు ఈ తీర్పుతో సంబంధం లేదు.

మరి "అసాల్ట్ వెపన్" అని దేన్ని అంటారు?

ఏ రాష్ట్రం దేన్ని అలా రాసుకుంటే అదే. అసలు తికమకంతా ఇక్కడే. ఎక్కువగా రెండు పద్ధతులు కనిపిస్తాయి: పేర్ల జాబితా, లక్షణాల పరీక్ష.

కాలిఫోర్నియాలో రెండూ ఉన్నాయి. రైఫిల్ పేరు జాబితాలో లేకపోయినా, అది సెంటర్‌ఫైర్ (మందు రగిలించే క్యాప్ అడుగున మధ్యలో ఉండే) తూటాలు వాడే సెమీ ఆటోమేటిక్ అయి, మ్యాగజైన్ (తూటాలు నింపే పెట్టె) ఊడదీసేలా ఉండి, కింది వాటిలో ఏ ఒక్కటి ఉన్నా నిషిద్ధమే: కిందికి పొడుచుకొచ్చిన పిస్టల్ గ్రిప్ (పిడి), బొటనవేలు దూరే రంధ్రం ఉన్న స్టాక్ (భుజానికి ఆనించే వెనక భాగం), మడిచే లేదా పొడవు తగ్గించే స్టాక్, ముందు చేతికి ఇంకో గ్రిప్, ఫ్లాష్ సప్రెసర్ (కాల్చినప్పుడు వచ్చే మెరుపును తగ్గించే భాగం), గ్రెనేడ్ లేదా ఫ్లేర్ లాంచర్. అదే తూటా, అదే వేగం, అదే మెకానిజం ఉన్న రైఫిల్‌కు మామూలు చెక్క స్టాక్ ఉంటే షాపులో దర్జాగా అమ్ముతారు. ఆకారాన్ని చూసి రాసిన చట్టం అని తుపాకీ వాదులు ఎగతాళి చేసేది దీన్నే. ఆ ఎగతాళిలో కొంత నిజం ఉందనే నా అభిప్రాయం. అయితే ఊడదీసే మ్యాగజైన్ సంగతి ఆకారం కాదు. ఒకటి అయిపోగానే ఇంకోటి తగిలించడానికి ఎంతసేపు పడుతుందన్నది ప్రాణాలకు సంబంధించిన లెక్క.

జాబితాల్లోనూ వింతలు తక్కువేం కావు. మేరీల్యాండ్ జాబితాలో కోల్ట్ కంపెనీ ఏఆర్-15 రైఫిల్ ఉంది, కానీ బరువైన బ్యారెల్ ఉన్న హెచ్‌బార్ మోడల్‌కు మినహాయింపు ఇచ్చారు. న్యూజెర్సీ జాబితాలో రెండో ప్రపంచ యుద్ధం నాటి ఎం1 కార్బైన్ తరహా రైఫిళ్లు కూడా ఉన్నాయి. తాతగారి జ్ఞాపకంగా దాచుకున్నదైనా అక్కడ ముప్పే.

దేశమంతటికీ ఒకే నిషేధం లేదా? ఒకప్పుడు ఉండేదని విన్నాను.

ఉండేది. 1994 సెప్టెంబర్ 13న వచ్చి, పదేళ్ల గడువు తీరి 2004లో అదే తేదీన పోయింది. లక్షణాల్లో రెండు ఉంటేనే నిషేధం, 10 తూటాలకు మించిన కొత్త మ్యాగజైన్లు అమ్మకూడదు, అప్పటికే జనం దగ్గర ఉన్నవాటి జోలికి మాత్రం పోలేదు. అమెరికా పార్లమెంటు అయిన కాంగ్రెస్ దాన్ని మళ్లీ పొడిగించలేదు. అప్పటి నుంచి ఈ విషయం రాష్ట్రాలకే వదిలేసినట్టయింది.

ఇప్పుడు ఏయే రాష్ట్రాల్లో నిషేధం ఉంది?

కాలిఫోర్నియా, న్యూజెర్సీ, కనెక్టికట్, మసాచుసెట్స్, న్యూయార్క్, మేరీల్యాండ్, డెలావేర్, ఇల్లినాయ్, వాషింగ్టన్, రోడ్ ఐలండ్. వీటికి తోడు రాజధాని వాషింగ్టన్ డీసీ. హవాయిలో ఉన్న నిషేధం పిస్టళ్ల రకానికి మాత్రమే.

మొదలుపెట్టింది కాలిఫోర్నియా. 1989 జనవరిలో స్టాక్టన్‌లో ఒక ఎలిమెంటరీ స్కూల్ ఆవరణలో జరిగిన కాల్పుల తర్వాత అదే ఏడాది చట్టం తెచ్చింది. మిగతా రాష్ట్రాల్లో కూడా చాలావరకు ఇదే వరస, ముందు ఘోరం, తర్వాత చట్టం. 2012 డిసెంబర్‌లో శాండీ హుక్ స్కూల్ కాల్పుల తర్వాత న్యూయార్క్, కనెక్టికట్, మేరీల్యాండ్ 2013లో కదిలాయి. 2022 జులై 4న హైలాండ్ పార్క్ పరేడ్‌లో కాల్పులకు ఏడుగురు చనిపోయాక ఇల్లినాయ్ చట్టం 2023 జనవరి 10న వచ్చింది.

అన్నిచోట్లా నిషేధం ఒకేలా ఉంటుందనుకోవద్దు. వాషింగ్టన్‌లో 2023 ఏప్రిల్ 25 నుంచి అమ్మకం, తయారీ, బయటి నుంచి తేవడం నిషేధం. అప్పటికే ఉన్నదాన్ని ఉంచుకోవచ్చు. రోడ్ ఐలండ్ 2025లో చేసిన చట్టం కూడా అమ్మకం, తయారీల మీదే, 2026 జులై 1 నుంచి అమలు. న్యూజెర్సీలో దగ్గర పెట్టుకోవడమే నేరం.

కొలరాడో కూడా నిషేధించిందని చెప్తున్నారు?

పూర్తిగా కాదు. 2025 ఏప్రిల్‌లో సంతకమైన చట్టం ప్రకారం, ఊడదీసే మ్యాగజైన్ ఉన్న చాలా రకాల సెమీ ఆటోమేటిక్‌లు కొనాలంటే ముందుగా అర్హత కార్డు తీసుకుని, శిక్షణ కోర్సు పూర్తి చేయాలి. 2026 ఆగస్టు 1 నుంచి అమలు.

టెక్సాస్, జార్జియా, నార్త్ కరోలినాల్లో ఏ ఆంక్షా లేనట్టేనా?

ఈ రకం రైఫిళ్ల మీద రాష్ట్ర నిషేధం లేదు. ఫెడరల్ నిబంధనలు మాత్రం అక్కడా వర్తిస్తాయి: లైసెన్సు ఉన్న డీలర్ దగ్గర కొంటే ఫారం, బ్యాక్‌గ్రౌండ్ చెక్, వీసా షరతులు. 2023 మేలో డల్లాస్ పక్కనే అలెన్ మాల్‌లో జరిగిన కాల్పుల్లో ఎనిమిది మంది చనిపోయారు. వారిలో తెలంగాణ నుంచి వెళ్లిన ఒక యువ ఇంజనీరు కూడా ఉన్నారు. ఆ తర్వాత కూడా అక్కడ నిషేధం రాలేదు.

## కొనే ముందు

నేను హెచ్-1బి మీద ఉన్నాను. రైఫిల్ కొనొచ్చా?

మామూలుగా అయితే కుదరదు. నాన్-ఇమిగ్రెంట్ వీసా మీద వచ్చినవాళ్లు తుపాకీ గానీ తూటాలు గానీ దగ్గర పెట్టుకోకూడదని ఫెడరల్ చట్టం చెప్తోంది. హెచ్-1బి, హెచ్-4, ఎఫ్-1, ఎల్-1, విజిటర్ వీసా అన్నీ ఇందులోకే వస్తాయి. 2022లో వచ్చిన మార్పు తర్వాత దీనికి గరిష్ఠ శిక్ష 15 ఏళ్లు. ఐ-140 (కంపెనీ వేసే గ్రీన్ కార్డు పిటిషన్) అప్రూవ్ అయిందనో, ఈఏడీ (పని అనుమతి) కార్డు చేతికొచ్చిందనో ధైర్యం చేయొద్దు. అవి గ్రీన్ కార్డుకు సమానం కావు.

మినహాయింపుల్లో ఎక్కువమంది వాడుకునేది వేట లైసెన్సు. అమెరికాలో ఏదైనా ఒక రాష్ట్రం ఇచ్చిన, గడువు తీరని హంటింగ్ లైసెన్సు ఉంటే ఫెడరల్ అడ్డంకి తొలగుతుంది. ఇక్కడ మూడు చిక్కులున్నాయి. లైసెన్సు గడువు తీరిన రోజు నుంచి ఇంట్లో ఉన్న తుపాకీ నేరమవుతుంది. రాష్ట్రం నిషేధించిన రైఫిల్‌ను ఈ లైసెన్సు చట్టబద్ధం చేయదు. అన్నిటికన్నా పెద్దది ఉద్యోగం పోయినప్పుడు వస్తుంది. లేఆఫ్ తర్వాత 60 రోజుల గడువు దాటి స్టేటస్ లేకుండా ఉండిపోతే, చట్టవిరుద్ధంగా ఉంటున్నవాళ్ల కింద లెక్క. వాళ్లకు వేట లైసెన్సు మినహాయింపే లేదు. లేఆఫ్ మెయిల్ వచ్చిన టెన్షన్‌లో బీరువాలో ఉన్న రైఫిల్ ఎవరికి గుర్తొస్తుంది? అందుకే, గ్రీన్ కార్డు వచ్చేదాకా దీని జోలికి వెళ్లకపోవడమే మేలని నేను గట్టిగా చెప్తాను.

వేగస్ వెళ్లినప్పుడు షూటింగ్ రేంజ్‌లో సరదాగా నాలుగు రౌండ్లు కాల్చి వస్తే తప్పేంటి?

తప్పే అయ్యే అవకాశం ఉంది. చట్టం సొంతంగా కొనడం గురించి కాదు, దగ్గర ఉండటం గురించి మాట్లాడుతుంది. అద్దెకు తీసుకుని చేతిలో పట్టుకున్నా అది దగ్గర ఉన్నట్టే. రేంజ్‌కు ప్రత్యేక మినహాయింపేమీ రాయలేదు. ఫ్లోరిడాలో చదువు దెబ్బతిని కాలేజీ నుంచి తొలగించిన ఒక విదేశీ విద్యార్థి మీద ఇలాగే రేంజ్‌లో కాల్చినందుకు కేసు పెట్టారు. అది సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. తనకు స్టేటస్ లేదన్న సంగతి నిందితుడికి తెలుసని కూడా ప్రభుత్వం నిరూపించాలని 2019లో కోర్టు చెప్పింది. అంటే తెలిసి కాల్చిన వాళ్లకు ఆ తీర్పుతో ఊరట లేదు.

రేంజ్ కౌంటర్లో అడగలేదు కదా అని అందరూ అంటారు. ఆ తర్వాత ఏఆర్-15 పట్టుకున్న ఫొటోను ఇన్‌స్టాలో పెడతారు. వీసా స్టాంపింగ్ ఇంకా మిగిలి ఉన్నవాళ్లు తమ మీద తామే సాక్ష్యం తయారుచేసుకోవడం ఎందుకు?

గ్రీన్ కార్డు వచ్చింది. ఇక సిటిజన్‌తో సమానమేనా?

కొనే విషయంలో ఫెడరల్ చట్టం ప్రకారం దాదాపు సమానమే. తేడా తప్పు జరిగినప్పుడు తెలుస్తుంది. తుపాకీని చట్టవిరుద్ధంగా కొన్నా, అమ్మినా, దగ్గర పెట్టుకున్నా, ఆ నేరం రుజువైతే గ్రీన్ కార్డు ఉన్నవాళ్లను దేశం నుంచి పంపించేయడానికి ఇమిగ్రేషన్ చట్టంలో అదొక కారణం. సిటిజన్‌కు జైలుతో పోయేది, గ్రీన్ కార్డు ఉన్నవాళ్లకు ఇల్లు, ఉద్యోగం, పిల్లల చదువు అన్నీ వదిలి రావడం దాకా వెళ్లొచ్చు. ఇంకో మాట: భార్య మీద చేయి చేసుకున్న కేసులో చిన్న నేరం కింద శిక్ష పడినా తుపాకీ హక్కు పోతుంది. సిటిజన్లకు కూడా అంతే.

మా అబ్బాయికి 18 నిండాయి. వాడి పేరు మీద కొనొచ్చా?

ఫెడరల్ చట్టం ప్రకారం డీలర్ దగ్గర రైఫిల్ కొనడానికి 18 ఏళ్లు చాలు, హ్యాండ్‌గన్‌కు 21. కొన్ని రాష్ట్రాలు దీన్ని పెంచాయి. వాషింగ్టన్, కాలిఫోర్నియాల్లో సెమీ ఆటోమేటిక్ రైఫిల్‌కు 21 ఉండాలి. న్యూయార్క్‌లో 2022 నుంచి దీనికి లైసెన్సు కావాలి, ఆ లైసెన్సుకు 21. ఫ్లోరిడా 2018లో పార్క్‌లాండ్ స్కూల్ కాల్పుల తర్వాత అన్ని తుపాకులకూ 21 చేసింది. వాడేది మీరై, కొనేది వాడి పేరు మీద అయితే, ఫారం మీద అబద్ధం రాసినట్టు. అది వేరే ఫెడరల్ నేరం.

కాలిఫోర్నియాలో దొరకనిది నెవాడాలో కొని తెచ్చుకుంటే?

డీలర్ అమ్మడు. వేరే రాష్ట్రం వాళ్లకు రైఫిల్ అమ్మాలంటే అది రెండు రాష్ట్రాల్లోనూ చట్టబద్ధమై ఉండాలి. డీలర్ కాని మనిషి దగ్గర, వేరే రాష్ట్రంలో, నేరుగా కొనడమూ నేరమే.

విడిభాగాలు తెప్పించుకుని ఇంట్లో జోడిస్తే ఫర్వాలేదా?

ఫర్వా ఉంది. నిషేధం ఉన్న రాష్ట్రంలో జోడించడం అంటే తయారుచేయడమే, కొనడం కన్నా అది తక్కువ తప్పేం కాదు. తుపాకీ తయారుచేసుకునే కిట్లను కూడా తుపాకుల్లాగే నియంత్రించవచ్చని 2025 మార్చిలో సుప్రీంకోర్టు ఒప్పుకుంది.

## ఇంట్లో ఉన్నాక

నిషేధం రాకముందే కొన్నాను. ఇచ్చేయాలా?

చాలా రాష్ట్రాల్లో ఇచ్చేయక్కర్లేదు, కానీ గడువులోపు నమోదు చేసుకుని ఉండాలి. ఇల్లినాయ్‌లో స్టేట్ పోలీసులకు 2024 జనవరి 1 లోపు అఫిడవిట్ ఇవ్వాల్సి ఉండింది. న్యూయార్క్‌లో గడువు 2014 ఏప్రిల్ 15. గడువు దాటాక ఇప్పుడు నమోదు చేస్తామంటే తీసుకోకపోవచ్చు. వెళ్లి నేరుగా చెప్పేస్తే మీ మీదే కేసు అవుతుంది కాబట్టి ముందు లాయర్‌తో మాట్లాడాలి. నమోదైనదాన్ని కూడా స్నేహితుడికి అమ్మేయడం, ఇచ్చేయడం చాలాచోట్ల కుదరదు.

ఇంటాయన చనిపోతే ఆ రైఫిల్ ఎవరికి వస్తుంది?

కాలిఫోర్నియాలో వారసులకు 90 రోజుల గడువుంటుంది. ఆలోపు డీలర్‌కు అమ్మడం, రాష్ట్రం బయటికి పంపేయడం, శాశ్వతంగా పనికిరాకుండా చేయించడం లాంటిదేదో ఒకటి చేయాలి. ఇంట్లోవాళ్లకు అది ఎక్కడుందో, దాని కాగితాలు ఎక్కడున్నాయో ముందే తెలిసి ఉండాలి.

30 రౌండ్ల మ్యాగజైన్ పెట్టుకోవచ్చా?

రైఫిల్ చట్టబద్ధమైనా మ్యాగజైన్ కాకపోవచ్చు. కాలిఫోర్నియా, న్యూయార్క్, న్యూజెర్సీ, మసాచుసెట్స్, కనెక్టికట్‌లలో హద్దు 10 తూటాలు. ఇల్లినాయ్‌లో రైఫిల్‌కు 10, హ్యాండ్‌గన్‌కు 15. కొలరాడోలో 15, డెలావేర్‌లో 17. రైఫిళ్ల నిషేధం లేని వెర్మాంట్‌లో కూడా రైఫిల్ మ్యాగజైన్‌కు 10 హద్దు ఉంది.

కాలిఫోర్నియాలో 2019లో ఒక ఫెడరల్ జడ్జి ఈ హద్దును ఆపేస్తే, ఏప్రిల్ 5న స్టే వచ్చేలోపు ఉన్న వారం రోజుల్లో జనం ఎగబడి కొన్నారు. తుపాకీ వాదులు దాన్ని ముద్దుగా "ఫ్రీడమ్ వీక్" అంటారు. 2025 మార్చిలో తొమ్మిదో సర్క్యూట్ అప్పీలు కోర్టు ఆ హద్దు సరైనదేనని చెప్పింది.

అమ్మానాన్న ఆరు నెలలకు విజిటర్ వీసా మీద వస్తున్నారు. ఇంట్లో తుపాకీ ఉంటే వాళ్లకు ఇబ్బందా?

తుపాకీ మీ సొంతమై, మీ అదుపులోనే ఉంటే, వాళ్లు ఆ ఇంట్లో ఉన్నంత మాత్రాన నేరం కాదు. కానీ చేతికి తీసుకోగలిగే వీలూ, తీసుకోవాలనే ఉద్దేశమూ ఉంటే అది వాళ్ల దగ్గర ఉన్నట్టే అని కోర్టులు చూస్తాయి. కాబట్టి సేఫ్‌లో పెట్టి తాళం వేయండి, నంబర్ వాళ్లకు చెప్పకండి. "మీరు ఆఫీసుకెళ్తే ఇంట్లో మేమిద్దరమే కదా, తాళం ఇచ్చి వెళ్లు నాన్నా" అంటే ఒప్పుకోవద్దు. హెచ్-4 మీద ఉన్న జీవిత భాగస్వామి విషయంలోనూ ఇదే జాగ్రత్త.

## ప్రయాణాలు, రాష్ట్రం మారడం

డల్లాస్ నుంచి న్యూజెర్సీకి మారుతున్నాం. నా ఏఆర్-15 సామాన్ల ట్రక్కులో వేయొచ్చా?

వద్దు. న్యూజెర్సీలో అసాల్ట్ ఫైర్‌ఆర్మ్ (అసాల్ట్ వెపన్‌కు అక్కడి పేరు) దగ్గర ఉండటం సెకండ్ డిగ్రీ నేరం, 5 నుంచి 10 ఏళ్లు. గ్రేవ్స్ యాక్ట్ అనే అక్కడి చట్టం కింద కనీసం 42 నెలలు పెరోల్ లేకుండా గడపాల్సి వస్తుంది. టెక్సాస్‌లో చట్టప్రకారం కొన్న రసీదు అక్కడ పనికిరాదు. బయల్దేరే ముందే డీలర్‌కు అమ్మేయడం తేలిక మార్గం. కాలిఫోర్నియాకు మారేవాళ్లకూ ఇదే మాట. నిషేధం లేని తుపాకులైనా అక్కడికి చేరిన 60 రోజుల్లోపు రాష్ట్రానికి తెలియజేయాలి.

పెన్సిల్వేనియా నుంచి న్యూయార్క్ మీదుగా న్యూ హాంప్‌షైర్ వెళ్తున్నాం. మధ్యలో పట్టుకుంటారా?

1986 నాటి ఫెడరల్ చట్టం ఒక రక్షణ ఇస్తుంది. బయల్దేరిన చోటా, చేరే చోటా మీకు ఆ తుపాకీ ఉంచుకునే హక్కు ఉండాలి. తూటాలు తీసేసి, తుపాకీ గానీ తూటాలు గానీ కూర్చున్న చోటి నుంచి అందకుండా డిక్కీలో పెట్టాలి. మనవాళ్లకు ఇష్టమైన మినీవ్యాన్, ఎస్‌యూవీలకు విడిగా డిక్కీ ఉండదు. వాటిలో తాళం వేసిన పెట్టెలో పెట్టాలి, గ్లవ్ బాక్స్ లెక్కలోకి రాదు. దారిలో క్వీన్స్‌లో చుట్టాలింట్లో రెండు రోజులు ఉండిపోతే, దాటి వెళ్తున్నామన్న వాదన నిలవడం కష్టం.

విమానంలో చెకిన్ చేస్తే ఇబ్బంది లేదు కదా?

ఎయిర్‌లైన్‌కు చెప్పి, తూటాలు తీసి, తాళం వేసిన గట్టి పెట్టెలో పెట్టి చెకిన్ బ్యాగేజీలో పంపొచ్చు. ఇబ్బంది విమానం తప్పిపోయినప్పుడు వస్తుంది. యూటా నుంచి పెన్సిల్వేనియా వెళ్తున్న ఒక ప్రయాణికుడికి 2005లో నెవార్క్‌లో కనెక్షన్ తప్పిపోయింది. తాళం వేసిన హ్యాండ్‌గన్ ఉన్న బ్యాగు తీసుకుని రాత్రికి హోటల్లో ఉన్నాడు. మర్నాడు ఎయిర్‌పోర్టు కౌంటర్లో తనే నిజాయతీగా తుపాకీ సంగతి చెప్తే అరెస్టు చేశారు. కేసు తర్వాత ఎత్తేశారు గానీ, అతను నష్టపరిహారం కోసం వేసిన దావా 2010లో థర్డ్ సర్క్యూట్ అప్పీలు కోర్టులో ఓడిపోయింది. హోటల్లో ఉన్నంతసేపూ తుపాకీ అతనికి అందుబాటులో ఉంది కాబట్టి ఫెడరల్ రక్షణ వర్తించదన్నారు. నిషేధం ఉన్న రాష్ట్రంలో విమానం మారే టికెట్ అసలు కొనకపోవడం మంచిది. ఒకవేళ ఇరుక్కుపోతే బ్యాగు చేతికి తీసుకోకుండా ఎయిర్‌లైన్ దగ్గరే ఉంచమనండి.

## కోర్టులు, వాదనలు

రాజ్యాంగంలో తుపాకీ హక్కు ఇచ్చే రెండో సవరణ ఉండగా రాష్ట్రాలు ఎలా నిషేధిస్తున్నాయి?

తుపాకీ వ్యక్తిగత హక్కు అని 2008లో హెల్లర్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2022 జూన్‌లో బ్రూయెన్ తీర్పు ఇంకో మెట్టు ఎక్కింది: ఆంక్ష పెట్టిన ప్రభుత్వం, అలాంటి ఆంక్షలు దేశ చరిత్రలో ఉన్నాయని చూపించాలి. దాంతో కేసుల వరద మొదలైంది. ఇంతవరకు ఫెడరల్ అప్పీలు కోర్టులు ఎక్కువగా రాష్ట్రాల వైపే మొగ్గాయి. మేరీల్యాండ్ నిషేధాన్ని ఫోర్త్ సర్క్యూట్ 2024 ఆగస్టులో 10-5తో సమర్థించింది. దాని మీద వెళ్లిన అప్పీలును 2025 జూన్ 2న సుప్రీంకోర్టు విచారణకు తీసుకోలేదు. ముగ్గురు జడ్జీలు తీసుకోవాల్సిందన్నారు. జస్టిస్ కవనా అయితే ఒకటి రెండు టర్మ్‌లలో (కోర్టు ఏటా నడిచే కాలం) ఏఆర్-15 సంగతి కోర్టు తేల్చాల్సిందేనని రాశారు.

జడ్జి కొట్టేశారని వార్త చూశాను. ఇప్పుడు కొనొచ్చా?

వార్త నిజమే అయినా కొనడానికి అది చాలదు. కాలిఫోర్నియా నిషేధాన్ని జిల్లా జడ్జి 2021లో ఒకసారి, 2023లో మళ్లీ కొట్టేశారు, రెండుసార్లూ పై కోర్టు స్టే ఇచ్చింది. ఇల్లినాయ్ చట్టాన్ని 2024 నవంబర్‌లో కొట్టేశారు, దానికీ స్టేనే. న్యూజెర్సీలో 2024 జులైలో కోల్ట్ ఏఆర్-15 వరకు నిషేధం చెల్లదన్నారు, అదీ అప్పీలులో ఉంది. స్టే ఉన్నంతకాలం పాత చట్టమే నడుస్తుంది.

ఇంతకీ ఈ నిషేధాల వల్ల ఏమైనా తగ్గిందా?

ఎఫ్‌బీఐ 2019 లెక్కల్లో 13,927 హత్యల్లో రైఫిల్‌తో జరిగినవని నమోదైనవి 364. హ్యాండ్‌గన్‌తో 6,368. ఏ రకం తుపాకో నమోదు కానివి ఇంకో మూడు వేలకు పైనే ఉన్నాయి. కాబట్టి రోజువారీ హత్యలను రైఫిల్ నిషేధం తగ్గిస్తుందని ఆశించడం సరికాదు. నిషేధం కోరేవాళ్ల లక్ష్యం కూడా అది కాదు, ఒకేసారి పదిమందిని చంపే దాడులు. వాటి మీద ప్రభావం ఎంతన్నది తేల్చడానికి ఆధారాలు సరిపోవని, పెద్ద మ్యాగజైన్ల నిషేధానికి మాత్రం కొంత ఆధారం ఉందని రాండ్ అనే పరిశోధన సంస్థ సమీక్ష చెప్తోంది. 2022 మేలో బఫలోలో పదిమందిని చంపినవాడు న్యూయార్క్ నిబంధనకు తగ్గట్టు మ్యాగజైన్‌ను బిగించి అమ్మిన రైఫిల్‌నే కొని, తర్వాత ఆ బిగింపు తీసేశాడు. రైఫిల్ ఆకారం మీద కొట్టుకోవడం కన్నా మ్యాగజైన్ మీదా, కొనేవాడి వయసు, లైసెన్సుల మీదా దృష్టి పెడితే ఎక్కువ ఫలితం ఉంటుందని నాకనిపిస్తుంది.

తాజా చట్టం ఎక్కడ చూసుకోవాలి?

ఆ రాష్ట్రపు అధికారిక సైట్లలోనే. కాలిఫోర్నియాకు రాష్ట్ర న్యాయశాఖలోని బ్యూరో ఆఫ్ ఫైర్‌ఆర్మ్స్, ఇల్లినాయ్, న్యూజెర్సీలకు స్టేట్ పోలీస్, మసాచుసెట్స్‌కు అటార్నీ జనరల్ ఆఫీసు. వీసాదారుల తుపాకీ నిబంధనలకు ఏటీఎఫ్ (తుపాకుల చట్టాలు చూసే ఫెడరల్ సంస్థ) సైట్ ఉంది. షాపువాడు చెప్పాడనో, వాట్సాప్ గ్రూపులో ఎవరో పెట్టారనో కోర్టులో చెప్తే చెల్లదు. గ్రీన్ కార్డు ఉన్నవాళ్లు తుపాకీ కేసులో నేరం ఒప్పుకునే ముందు క్రిమినల్ లాయర్‌తో పాటు ఇమిగ్రేషన్ లాయర్‌తోనూ మాట్లాడి తీరాలి. ప్రొబేషన్‌తో పోయే చిన్న ఒప్పందమే రిమూవల్ (దేశం నుంచి పంపించేసే) నోటీసుగా తిరిగి రావచ్చు.